ఖాజాగూడ గుట్ట మీద తలవంపు మొక్క, మధ్యలో నా జ్వరం

మా ఆఫీసు లాబీలో ఒక ప్లాస్టిక్ తలవంపు మొక్క ఉంది. అబద్ధం చెవిన పడితే తల వాల్చేసే మొక్క కదా, దాని బొమ్మ పెట్టి కింద ‘నమ్మకమే మా పునాది’ అని ఇత్తడి అక్షరాలు కూడా బిగించారు. పోయిన బుధవారం దాని పక్కనే నిలబడి మా పెద్దసారు, ఈ ఏడాది ఎవరి ఉద్యోగానికీ ఢోకా లేదని ప్రకటించారు. ప్లాస్టిక్ మొక్క చెక్కుచెదరలేదు. గురువారం మా వరసలో నాలుగు కుర్చీలు ఖాళీ అయ్యాయి. నాకు ఒళ్లు మండిపోయింది. ఉద్యోగాలు తీశారు సరే, పాపం ఒక మొక్క చేత దొంగసాక్ష్యం చెప్పించడమేమిటి? అసలు మొక్కను చూసి, మానవజాతి తరఫున క్షమాపణ చెప్పి రావాలని నిశ్చయించుకున్నాను. శుక్రవారం పొద్దున జ్వరమని ఆఫీసుకు ఒక మెసేజ్ పడేసి బయల్దేరాను.

మూసాపేటలో ఏడున్నరకు మెట్రో ఎక్కి, అమీర్‌పేటలో మారి, రాయదుర్గంలో దిగేసరికి ఎనిమిదిన్నర. అక్కణ్నుంచి ఖాజాగూడకు ఆటో వంద అడిగి ఎనభైకి ఒప్పుకున్నాడు. ఒకప్పుడు ఇటువైపు ప్రతి బండ సందులోనూ ఈ మొక్క మొలిచేదట. తర్వాత అద్దాల మేడలు వచ్చాయి, మేడల్లో మీటింగులు వచ్చాయి. ఇప్పుడు మిగిలింది ఒక్కటే. అది చూడ్డానికే వెళ్తున్నానంటే డ్రైవర్ ఉలిక్కిపడ్డాడు.

“గుట్ట కింద దింపుత అన్నా, పైకి మాత్రం రాను. గాడ ఉన్నప్పుడు మా ఇంట్లకెళ్లి ఫోనొస్తే ఏం జెప్పాలె?”

అంటుండగానే ఫోను మోగింది. ఇంకా రాయదుర్గం ఫ్లైఓవర్ కిందే ఉన్నాం. “ఖాజాగూడ చెరువు కాడున్న, అచ్చేసిన” అన్నాడు. ఇలాంటి పౌరుల మధ్య మొక్క ఎలా బతుకుతుందని నేను అద్దంలోంచి అతన్ని తీవ్రంగా చూశాను.

గుట్ట సగం ఎక్కాక ఒక చదునైన బండ వస్తుంది. దాని పగుల్లో మోకాలెత్తు కాడ, వెండి రంగు ఆకులు, కొసన గచ్చకాయంత మొగ్గ. పక్కన గొడుగు కింద అంజమ్మ కూర్చుని ఉంది. వనపర్తి వైపు మనిషి, కింది అపార్ట్‌మెంట్లలో తోటపని చేస్తుంది. ఏడు దినాలు వరసగా అబద్ధం వినకుంటేనే ఇది పూస్తుందట, పూస్తేనే విత్తనం. వానలు మొదలైతే మొగ్గ కుళ్లిపోతుంది, ఆ తర్వాత ఇక జాతే ఉండదు. అందుకని జీతం లేని సెలవు పెట్టి కాపలా కాస్తోంది. ఆ రోజు ఏడోది.

“జర మంచిగ మాట్లాడు బిడ్డా. లేకుంటే నోరు మూసుకొని కూసో.”

ఆవిడ భయమంతా అదే బండ మీద కుర్చీ వేసుకున్న ప్రసాద్ గారి గురించి. ఆయనది ఫ్లాట్లు అమ్మే పని. కొనేవాళ్లను ఇక్కడికి తెచ్చి ఆకాశంలో బాల్కనీ చూపిస్తారు. ఆయన వెనక ‘ఎయిర్‌పోర్టుకు పది నిమిషాలు’ అని బోర్డు. మొక్కకు చదువు రాదు కనుక బతికిపోయింది. ఎన్ని ఫ్లాట్లు అమ్మారని అడిగితే ఆయన దీనంగా చూశారు.

“వారం నుంచి నోరు కట్టేసుకున్నానండి. పూస్తే విత్తనాలు పట్టుకుని దూరంగా పోతానందండి ఈవిడ. అప్పుడు మన వ్యాపారం మనదండి.”

మధ్యాహ్నం అంజమ్మ జొన్నరొట్టె, మిరప్పండ్ల తొక్కు పెట్టి ఎట్లుందని అడిగింది. అద్భుతం అనబోయి, మొక్కను చూసి, “ఉప్పెక్కువైంది” అన్నాను. ఆవిడ పగలబడి నవ్వింది. “ముప్పై ఏండ్ల సంది మా ఆయన ఒక్కపారి గూడ జెప్పలే గీ ముచ్చట!”

ఆ ఉత్సాహంలో మా పెద్దసారు మీద, ప్లాస్టిక్ మొక్క మీద, ప్రసాద్ గారి బోర్డు మీద గంటసేపు ఉపన్యసించాను. అంతా నిజమే కాబట్టి మొక్క నిటారుగా నిలబడి వింది. ఐదింటికి మొగ్గ సడలింది. ఒక రేకు విడింది, లోపల లేత నీలం వెలుగు. ముగ్గురం ఊపిరి బిగబట్టాం.

ఫోను మోగింది. మా టీమ్ లీడ్. “ఎలా ఉంది ఫీవర్?”

“తగ్గలేదు సార్. మంచం మీంచి లేవలేకపోతున్నా.”

నోరు దానంతటదే అనేసింది. ఆకులన్నీ ఒక్కసారే వాలాయి. విడిన రేకు మూసుకుంది. ప్రసాద్ గారు లేచి నిలబడ్డారు. “ఏడు రోజులండీ! నేనండీ, నేను! నోరు మూసుకున్నానండి!” ఆయన కోపం ముందు నా కోపం చిన్నబోయింది.

అంజమ్మ మాత్రం తిట్టలేదు. “గీయన్ని కాసుకుంట కూసున్న బిడ్డా. నిన్ను కాసుకోవాలని ఎర్కలే.” మొగ్గను వేలితో తాకి చూసింది. “రాలలే. మల్ల ఏడు దినాలు పడతది. రేపటి సంది నాకు డ్యూటీ. నువ్వొచ్చి కూసుంటవా?”

తప్పకుండా వస్తానమ్మా అనబోయాను. మన ఊళ్లో రోజుకు పది సార్లు అనే మాటే. మొక్కను చూసి ఆగిపోయాను. ముందు టీమ్ లీడ్‌కు ఫోన్ చేశాను. “సార్, నాకు జ్వరం లేదు. గుట్ట మీదున్నా. వారం సెలవు కావాలి.” హెచ్‌ఆర్‌తో మాట్లాడతానని పెట్టేశాడు. అప్పుడు అంజమ్మ వైపు తిరిగి, “వస్తా” అన్నాను. వాలిన ఆకుల్లో ఒక్కటీ ఇంకా కిందికి దిగలేదు.

ఇవాళ సోమవారం, నా కాపలాలో మూడో రోజు. చీకటి పడితే మొక్క ఆకులు ముడుచుకుని నిద్రపోతుంది, దానికేమీ వినబడదు. కాబట్టి ఆరు నుంచి ఆరు దాకా నా డ్యూటీ. మా వరసలో ఐదో కుర్చీ సంగతి ఇంకా తెలియలేదు. పెద్దసారు మీద కోపం తగ్గలేదు, తగ్గదు కూడా. కాకపోతే ఆయన అబద్ధం చెబితే ప్లాస్టిక్ మొక్క నిలబడింది, నేను చెబితే అసలుది వాలింది. ఈ లెక్క ఎటు తిప్పినా నాకు అనుకూలంగా రావడం లేదు. పక్క కుర్చీలో ప్రసాద్ గారు మళ్లీ నోరు కట్టుకుని కూర్చున్నారు, నావైపు అనుమానంగా చూస్తూ.

వచ్చేవాళ్లకు ఒక్క సలహా. గుట్ట ఎక్కడానికి పదిహేను నిమిషాలు చాలని మొదట రాశాను. సాయంత్రం అంజమ్మకు ఇదంతా చదివి వినిపిస్తుంటే, సరిగ్గా అక్కడికి రాగానే ఒక ఆకు వణికింది. నలభై పెట్టుకోండి.