తెర మీద రెండు తెల్ల గీతలు

దెయ్యాల ఊసు ఎవరైనా ఎత్తితే పకపకా నవ్వేదాన్ని. హారర్ సినిమా చూసినా భయపడను, కట్ ఎక్కడ తప్పిందో వెతుక్కుంటాను. ఇది చదివి మీరు నవ్వినా నాకు కోపం రాదు.

నాకు ఎడిటింగ్ నేర్పింది యోషికో మేడమ్. పంతొమ్మిదేళ్లకే టోక్యోలో ఓ స్టూడియోలో ఫిల్మ్ ముక్కలు అతికించే పనిలో చేరి, ఎడిటర్‌గా పేరు తెచ్చుకున్నారు. కూతురు ఎమి పుట్టాక భర్త ఉద్యోగం కోసం టెక్సాస్ వచ్చేశారు. మళ్లీ సినిమా పని ముట్టుకోలేదు, పాఠాలు చెప్పారంతే. అక్కడే ప్లేనో ఊళ్లో, ఉద్యోగం చేయనివ్వని డిపెండెంట్ వీసా మీద గోళ్లు గిల్లుకుంటూ కూర్చున్న నాకు ఆవిడ క్లాసే దిక్కయింది. వర్క్ పర్మిట్ వచ్చాక పెళ్లి వీడియోలు మొదలుపెట్టాను. ఈరోజు నేను తింటున్న అన్నం ఆవిడ పెట్టిందే.

ఆవిడ చెవి వెనక ఎప్పుడూ ఓ తెల్ల మైనపు పెన్సిల్ ఉండేది. ఫిల్మ్ మీద గుర్తులు పెట్టే అలవాటు పోక, నా మానిటర్ మీదే గీసేసేవారు. కట్ మీద రెండు చిన్న గీతలు పడ్డాయంటే, ఈ కట్ వద్దు, షాట్‌ని నడవనివ్వు అని. లోపల తిట్టుకుంటూ తుడిచేదాన్ని.

నిరుడు చలికాలంలో మేడమ్ పోయారు. ఆ పెన్సిల్‌ని ఎమి శవపేటికలో ఆవిడ పక్కనే పెట్టింది. సంస్మరణ సభలో వేయడానికి, తల్లితో తాను తీసిన ఇంటర్వ్యూని ఎడిట్ చేయమని నాకిచ్చింది. అంతా జపనీస్‌లోనే ఉంటే అర్థం రాసిచ్చింది. చివర్లో ఎమి అడుగుతుంది, తన కోసం సినిమాలు వదిలేసినందుకు ఎప్పుడైనా బాధపడ్డావా అని. మేడమ్ మాట్లాడరు. కాసేపు చూసి ఎమి, కెమెరా ఆపకుండానే లేచి వెళ్లిపోతుంది. ఆ జవాబు ఇక దొరకదన్న దిగులు ఆమెను తినేస్తోంది.

ఎమి లేవగానే కట్ చేసేశాను. మనవాళ్ల పెళ్లి వీడియోలు చేసీ చేసీ, మౌనం కనబడితే నరికేయడం అలవాటైపోయింది. ఎమిలాగే నేనూ మిగతాది చూడలేదు.

మధ్యాహ్నం టీ పెట్టుకుని వచ్చేసరికి, సరిగ్గా ఆ కట్ దగ్గర, తెర మీద రెండు తెల్ల గీతలు. అది ఆవిడ పోయాక కొన్న మానిటర్. మా ఆయన ఆఫీస్‌లో ఉన్నాడు. తలుపులు వేసే ఉన్నాయి. ముట్టుకుంటే వేలికి మైనం అంటింది.

కట్ తీసేసి, షాట్‌ని నడవనిచ్చాను. ఖాళీ కుర్చీ వైపు చూస్తూ మేడమ్ చాలాసేపు కూర్చున్నారు. తర్వాత మెల్లగా ఏదో అన్నారు. నాకు అర్థమైంది ఎమి పేరొక్కటే. ఎమికి ఫోన్ చేస్తే అరగంటలో డ్రైవ్ చేసుకుని వచ్చింది. విని, ఆ ముక్కని ఇంకోసారి వేయమంది. అప్పుడు నాకు అర్థం చెప్పింది.

"ఇన్నేళ్ల పనిలో, ఒక్క ముక్క కూడా తీసేయాలనిపించనిది నువ్వొక్కదానివే అంది అమ్మ."

ఇద్దరం ఒకరినొకరు పట్టుకుని ఏడ్చాం.

"నువ్వే గీసి మర్చిపోయుంటావ్‌లే," అంటాడు మా ఆయన. దేంతో గీశానని అడిగితే మాట మార్చేస్తాడు. ఇప్పటికీ మానిటర్ మీద దుమ్ము తుడిచేటప్పుడు, మేడమ్‌కి మనసులో దణ్ణం పెట్టుకుని, ఆ రెండు గీతల్నీ తప్పించి తుడుస్తాను.