బాబాయి బెంచీ మీద కూర్చోబెట్టిన కుర్రాడు

మా బాబాయి పోయారు. మా ఊళ్లో ఇందా అనే పేటలో డాక్టరు గది బయట టోకెన్ పట్టుకుని కూర్చున్నారట. ఒంటి మీద చెమటలు చూసి, ముందు మీరు వెళ్లండని అందరూ అన్నారట. పక్కనున్న బెంగాలీ ఆయనతో, మీరు నాకన్నా ముందొచ్చారు దాదా, మీరే వెళ్లండి అన్నారట ఈయన. ఆయన వంతు వచ్చేసరికి ఆయన లేరు. పిన్ని ఫోన్ చేసినప్పుడు నేను డ్యూటీలో ఉన్నాను. ఏడుపు కన్నా ముందు కోపం వచ్చింది. అది ఇంకా తగ్గలేదు.

రైల్వే ఆఫీసులో గుమాస్తాగా రిటైరైన బాబాయికి ఒకటే వ్యసనం, కంప్యూటర్లో పాతకాలపు ఫుట్‌బాల్ మేనేజర్ ఆట. క్లబ్బుకి మనమే మేనేజరు. ఆటగాళ్లని కొని జట్టు వేస్తే, మ్యాచ్ అంతా తెర మీద అక్షరాల్లో నడుస్తుంది. నిజం మైదానంలో ఎవరూ పేరైనా వినని కుర్రాళ్లు కొందరు ఆ ఆటలో మాత్రం మహా గట్టివాళ్లు. అలాంటి నార్వే కుర్రాణ్ణొకణ్ణి, వాడికి పదిహేడేళ్లప్పుడే బాబాయి కొన్నారు. కొని, ఆడించకుండా బెంచీ మీద కూర్చోబెట్టారు.

జట్టు వేయడంలోనూ ఆయనది రైల్వే పద్ధతే. క్లబ్బులో ముందు చేరినవాడికే ముందు చోటు. వయసు మళ్లిన ఫార్వర్డులు కాళ్లీడుస్తుంటే పక్కన కూర్చుని నేను జుట్టు పీక్కునేవాణ్ణి. మ్యాచ్‌కి ముందు ఆయన మాత్రం శుభ్రంగా తల దువ్వుకుని కూర్చునేవారు. ఓడిపోయిన మ్యాచ్‌ని మళ్లీ ఆడే వీలుంది. ఒక్కసారీ ఆడలేదు.

"ఏట్రా నీ కంగారు? ఆడి ముందు ముగ్గురున్నారు. ఆడి టర్ను వస్తాది," అనేవారు.

ఒకసారి గట్టిగానే పోట్లాడాను. అప్పుడు చెప్పారు, ఆఫీసులో తన వెనక చేరినవాడికి ప్రమోషన్ ఇచ్చి తనని వదిలేశారని.

"ఆ రోజు నడుసుకుంటూ ఇంటికొచ్చినాను రా. సైకిల్ అక్కడే మర్సిపోనాను. అలాటిది నా సేత్తో ఇంకొకడికి సెయ్యను."

ఇంత మంచి మనిషి దగ్గర పెరిగానని గర్వంగా అనిపించింది. మళ్లీ వారం ఆ ముసలివాళ్లతోనే ఓడిపోయారు, నాకు మళ్లీ ఒళ్లు మండింది. అంత మంచితనం ఎవరికి కావాలి?

దినాలయ్యాక ఆ ఆట తెరిచాను. కుర్రాడికి ఇరవై ఆరేళ్లొచ్చాయి. ముందున్న ముగ్గురిలో ఒకడింకా మిగిలే ఉన్నాడు. వాణ్ణి తీసి బెంచీ మీదకి పంపి, కుర్రాణ్ణి దింపాను. సగం ఆట కాకుండానే రెండు గోల్స్ కొట్టాడు.

పిన్ని వంటింట్లోంచి వచ్చి ఎవరు కొట్టారని అడిగింది. ఇన్నేళ్లు వినీ వినీ ఆమెకీ అందరూ తెలుసు. బెంచీ మీద కుర్రాడేనని చెప్పాను.

"మరి ఆ పెద్దోడేటన్నాడు?"

"ఏటీ అన్లేదు పిన్నీ. ఊరికే కూసున్నాడు."

పిన్ని కుర్చీ లాక్కుని తెర ముందు కూర్చుంది. బెంచీ మీదున్నవాళ్ల పేర్లని వేలితో ఒక్కొక్కటే తాకుతూ ఉండిపోయింది.