వాకిట్లో నాలుగు హద్దురాళ్లు

గౌరయ్య చేతిలో కత్తెర ఉంటే ద్రాక్షతీగ చెప్పినట్టు వింటుందని మేడ్చల్ తోటల వాళ్లు అనేవారు. అన్నీ పరాయి తోటలే. తండ్రి వదిలిపోయిన నాలుగెకరాలు శామీర్‌పేట దారిలో ఉన్నాయి గానీ, అన్న వీరభద్రం పంచి ఇవ్వనన్నాడు. కోర్టుకెక్కితే ఎనిమిదేళ్లకు, తొంభైనాలుగులో, సగం గౌరయ్యదేనని డిక్రీ వచ్చింది. ఆ రెండెకరాల్లో సొంత తోట పెట్టాలన్నది అతని ఒక్కగానొక్క కోరిక.

ఊరంతా దూద్‌పేడాలు పంచాడు. డిక్రీకి లామినేషన్ చేయించి గోడకు తగిలించాడు. కోర్టువాళ్లు కొలతకు వచ్చినరోజు వెతుక్కోవడం ఎందుకని నాలుగు హద్దురాళ్లు చెక్కించి వాకిట్లో వేసుకున్నాడు. వాళ్లు కొలిచిచ్చేదాకా ఆ భూమిలో కాలు పెట్టొద్దని వకీలు చెప్పాడు. గౌరయ్య పెట్టలేదు. చూస్తే దిగాలనిపిస్తుందని, బస్సులో అటు పోయేటప్పుడు తల కూడా తిప్పుకునేవాడు. అంతటి బుద్ధిమంతుణ్ని ఏ కోర్టూ చూసి ఉండదు. ఇంటి ముందు జీపు ఆగితే చాలు, చొక్కా తొడుక్కుని నిలబడేవాడు. ఏళ్లు గడిచాయి. వకీలు కాలం చేశాడు. భార్య లక్ష్మమ్మ ఆ రాళ్లమీద బట్టలు ఉతకసాగింది.

రెండువేల ఆరులో ఎవరో చుట్టం వచ్చి, మీ అన్న అమ్మితే మీ చేను ప్లాట్లయిందట కదా అన్నాడు. గౌరయ్య గోడమీది డిక్రీని చంకన పెట్టుకుని కోర్టుకు పరుగెత్తాడు. గుమాస్తా దాన్ని అటూ ఇటూ తిప్పి చూశాడు.

"గిది మొదటి డిక్రీ, పెద్దమనిషీ. వాటా ఎంతనో జెప్పింది, గంతే. పంచియ్యమని మల్ల అర్జీ వెట్టుకోవాలె. వెట్టిండ్రా?"

గౌరయ్య అడిగాడు.

"పన్నెండేండ్ల సంది వాళ్లొస్తరని జూస్తున్న సారూ. మనమే పిలువాల్నా?"

పిలవకుండా ఎవరూ రారని గుమాస్తా మెల్లగా చెప్పాడు. గౌరయ్య వరండాలోనే కూలబడ్డాడు. ఆ ఒక్క ముక్క తొంభైనాలుగులోనే చెప్పి ఉంటే ఎవరి నోటి ముత్యాలు రాలిపోయేవి?

అర్జీ పెట్టాక, భూమి కొలిచే కోర్టు కమిషనరు రావడానికి ఇంకో మూడేళ్లు పట్టింది. గౌరయ్య నాలుగు రాళ్లనూ ట్రాలీ ఆటోలో వేసుకుని ఆయన వెంట వెళ్లాడు. అక్కడ ప్రహరీలు, మేడలు, సిమెంటు రోడ్డు. లోను తీసుకుని ఇల్లు కట్టుకున్న గోపాలరావు అనే ఉద్యోగి గేటు దగ్గర బెదురుగా నిలబడ్డాడు. నక్షలో కొలత మీ పాత బావి నుంచి మొదలవుతుంది, అదెక్కడో చూపించమని కమిషనరు టేపు విప్పాడు.

గౌరయ్య ఈ చివర నుంచి ఆ చివరకు నడిచాడు. మళ్లీ వెనక్కి వచ్చాడు. బావి ఏ ఇంటి కిందికి పోయిందో, తూర్పు గట్టు ఎక్కడుండేదో ఏమీ అంతుపట్టలేదు. తను పుట్టి పెరిగిన చేను అది.

"గుర్తువడ్తలేదు సారూ" అన్నాడు. "కాలు వెట్టొద్దన్నరు గదా, నేను రాలే."