ఏమన్న తగిలిందా?

మొన్న మా కోడలు నన్ను కారులో కూర్చోబెట్టుకొని మేడ్చల్ నుంచి శామీర్‌పేటకు వస్తోంది. దారిలో ఒకచోట బండి స్పీడ్ బ్రేకర్ ఎక్కి ధబ్బున దిగింది. కోడలు కారూ ఆపలేదు, మాటా ఆపలేదు. చెల్లెలి పెళ్లికి కొన్న చీరల సంగతి చెప్పుకుంటూ పోతూనే ఉంది. నా మెడ మాత్రం దానంతట అదే వెనక్కి తిరిగింది. "ఏంది అత్తమ్మా, ఎవరన్న ఎరుకైనోళ్లు కనవడ్డరా?" అంది. లేదన్నాను. పెళ్లయిన కొత్తలో ఇదే దారిలో మీ మామ స్కూటర్ వెనక కూర్చొని నేర్చుకున్న అలవాటమ్మా, అది ఆయన్ను చాలావరకు విడిచింది గాని నన్ను విడవలేదు అని చెప్పాలంటే శామీర్‌పేట దాకా దారి సరిపోదు, కరీంనగర్ దాకా పోవాలి.

అవి తొంభైల మొదటి ఏండ్లు. ఇప్పుడు ప్లాట్ల బోర్డులున్న చోటల్లా అప్పుడు ద్రాక్ష తోటలు. మా మామకూ ఒకటి ఉండేది. ఆ ఏడు కాపు బాగా రావడంతో మా ఆయన పచ్చరంగు స్కూటర్ కొన్నారు. కొన్న వారానికే నన్ను ఎక్కించుకొని మేడ్చల్‌లో మా తల్లిగారింటికి బయలుదేరారు. అక్కడ మా అమ్మ నాటుకోడి వండి ఎదురుచూస్తోంది. చెరువు దాటి మలుపు తిరిగామో లేదో బండి ఒక గుంతలో పడి లేచింది. ఆయన బ్రేకు వేసి, "ఏమన్న తగిలిందా?" అన్నారు. "గుంత తగిలింది," అన్నాను. "గుంతనేనా?" "గుంతనే." కొంచెం దూరం పోయి బండి వెనక్కి తిప్పారు. గుంత దగ్గర దిగి, అటూ ఇటూ చూసి, పక్క పొలంలోకి వంగి చూసి, అక్కడ ఎవరూ పడిలేరని తేలాక మళ్లీ ఎక్కారు. కొత్త పెళ్లికూతుర్ని కదా, ఎంత జాలిగుండె మనిషో అని మురిసిపోయాను. ఇంకో మైలు పోయాక, "గుంత పక్కపొంటి ఒక చెప్పు వడి ఉండె, సూసినవా? రెండోది ఏది మరి?" అన్నారు. మళ్లీ తిప్పారు. ఆ తర్వాత ఇంకోసారి తిప్పేసరికి నా మురిపెం కాస్తా అయిపోయింది. మేము చేరేసరికి కోడికూర చల్లారి, మా అమ్మ ముఖం వాడిపోయి ఉంది. "అల్లునికి మనింటికొచ్చుడు ఇష్టం లేనట్టుంది," అని మా నాయిన అమ్మ చెవిలో అన్నాడు. మా నాయిన చెవిలో చెప్తే వీధి చివరికి వినిపిస్తుంది.

ఆయనేమీ తెలివితక్కువ మనిషి కాదు. ద్రాక్షతీగకు ఎక్కడ కత్తెర పెట్టాలో ఆయన్ను అడగడానికి పక్కూళ్ల నుంచి వచ్చేవాళ్లు. "ఎవ్వలికి తగలలేదని నాకెరుకనే," అనేవారు. "కని మనసు ఊకుంటలేదు. తగిలుంటే? ఆడ ఎవరన్న నెత్తుర్ల వడి ఉంటే?" ఆ 'ఉంటే' అనే మాట ఆయన్ను ముక్కుతాడు వేసి వెనక్కి లాక్కుపోయేది. మలుపు దగ్గర జామకాయలు అమ్ముకునే ఒక అవ్వ ఉండేది. ఆయన ప్రతిసారీ ఆమెను సాక్ష్యం అడిగేవారు. "పొద్దుగాల సంది ఈన్నే కూసున్న పటేలా. ఎవ్వలు సావలే, ఎవ్వలు వడలే. పో," అనేది. ఉత్తగ అడగడం బాగుండదని ఆయన జామకాయలు కొనేవారు. మా ఇంట్లో ఏ మూల చూసినా జామకాయలే. మా అత్తమ్మ వాటితో పచ్చడి చేసింది, పప్పులో వేసింది, చివరికి బర్రెకు పెట్టింది. కొన్నాళ్లకు బర్రె కూడా ముఖం తిప్పుకుంది.

కొడుక్కి ఏదో గాలి సోకిందని అత్తమ్మ నమ్మకం. దిష్టి తీసింది, తాయెత్తు కట్టింది. ఎవరో చెప్పారని స్కూటర్ చక్రాల కింద నిమ్మకాయలు పెట్టి తొక్కించింది. అదే కొంప ముంచింది. నిమ్మకాయ టప్పున పగిలిన చప్పుడు ఆయన చెవిలో ఉండిపోయి, వీధి దాటకముందే బండి దిగి చక్రాల కిందికి తొంగిచూశారు. ఆ తర్వాత ఇంకో దారి కనిపెట్టారు. ఠాణాకు పోయి, "సార్, మన రోడ్డు మీద ఏమన్న యాక్సిడెంట్ అయిందా?" అని అడగడం. మొదట్లో వాళ్లు నవ్వి పంపారు. ఒకరోజు అక్కడి హెడ్డుకు అనుమానం వచ్చింది. "గిన్నిసార్లు అడుగుతున్నవంటె ఏదో చేసే ఉంటవ్. కూసో," అని మధ్యాహ్నం దాకా కూర్చోబెట్టాడు. మా మామ ఉరుక్కుంటూ పోయి, "వీడు ఎవర్ని గుద్దలే సార్. గుద్దిన్నేమోనని వీనికి అనుమానం," అని చెప్పాడట. "అనుమానం మాకుండాలె గని వీనికెందుకయ్యా?" అన్నాడట హెడ్డు. ఆ సాయంత్రం మా ఆయన పండుగ చేసుకున్నంత సంబురంగా అన్నం తిన్నారు. "పోలీసోళ్లే ఇడిచిపెట్టిండ్రంటె నేనేం చెయ్యనట్టే గదా!" చెయ్యి కడుక్కొని వచ్చి నా పక్కన కూర్చొని, మెల్లగా, "వాళ్లు సక్కగ సూసిండ్రంటవా?" అన్నారు.

నవ్వుకున్నన్నాళ్లు నవ్వుకున్నాం. తర్వాత నవ్వు తగ్గింది. ద్రాక్షపండ్ల లోడు వెంట బజారుకు బయలుదేరి అమ్మకం అయిపోయాక చేరేవారు. పెళ్లిళ్లకు పోవడం మానేశారు. తోటకు కూడా నడిచి పోవడం మొదలుపెట్టారు, అదీ కాళ్ల కింద చూసుకుంటూ. ఒకనాడు మా చిన్నబిడ్డకు విపరీతమైన జ్వరం. మచ్చ బొల్లారంలో పిల్లల డాక్టరు ఉన్నాడని స్కూటర్ మీద బయలుదేరాం. నా ఒళ్లో బిడ్డ కుంపటిలా కాలిపోతోంది. బండి ఎగిరిపడింది. ఆయన ఆపారు. "పోనియ్యిండ్రి," అన్నాను. "ఒక్కసారి సూసొస్త," అన్నారు. నేను దిగిపోయాను. "మీరు సూస్కోండ్రి. నేను పోత," అని వెనక నుంచి వస్తున్న ఆటోను ఆపి ఎక్కాను. కొంత దూరం పోయి చూస్తే, ఆయన నడిరోడ్డు మీద స్కూటర్ పట్టుకొని ఏడుస్తున్నారు. గుంత వైపూ పోలేదు, మా వైపూ రాలేదు.

బిడ్డకు సూది వేశాక జ్వరం దిగింది. అప్పటికి వచ్చి గోడవారగా నిలబడ్డారు ఆయన. "బిడ్డ కంటె గుంత ఎక్కువ కాదని నాకెరుకనే. కని నా కాళ్లు నా మాట ఇంటలేవు," అన్నారు. ఆ మాట విన్న డాక్టరు సూది పక్కన పెట్టి ఆయన్ను కూర్చోబెట్టి ఎప్పట్నుంచి ఇట్లా అని అడిగాడు. అన్నీ విన్నాక, "ఇది గాలీ కాదు, పిచ్చీ కాదు. జబ్బు. మందుంది," అని సికింద్రాబాద్‌లో ఒక మనసు డాక్టరమ్మ దగ్గరికి పంపాడు.

జబ్బు పేరు ఓసీడీ అని చెప్పిందావిడ. "తగిలిందేమోనన్న అనుమానం అందరికీ వస్తుంది. మా మనసు దాన్ని దులిపేసుకుంటుంది, మీ మనసు పట్టుకుంటుంది. మీరు వెనక్కి పోయి చూసినప్పుడల్లా దానికి మేత వేసినట్టే. మేత దొరికే ఇంటికి అది మళ్లీ వస్తుంది," అంది. మాత్రలు ఇచ్చింది. అనుమానం వచ్చినా వెనక్కి తిరగకుండా ఉండటం కొద్దికొద్దిగా అలవాటు చేసుకోవాలంది. భయం పెరుగుతుంది, పెరిగి దానంతట అదే దిగుతుంది, దిగేదాకా ఓర్చుకోవాలి, అంతే. "దిగుతదని ఖాయంగ చెప్తున్నరా డాక్టరమ్మా?" అని అడిగారు మా ఆయన. "చెప్పను," అని నవ్విందావిడ. తర్వాత నా వైపు తిరిగింది. "ఆయన అడిగితే మీరేమంటారు?" "ఏం గాలే అంట." "ఇకనుంచి అనకండి. అదీ మేతే." నాకు ఏడుపొచ్చింది. ఇన్నేండ్ల కాపురంలో ఆయనకు నేను చేసిన వైద్యమంతా ఆ ఒక్క మాటే.

మాత్రలు పనిచేయడం మొదలయ్యాక ఒక పొద్దున మళ్లీ మేడ్చల్‌కు బయలుదేరాం. ముందురోజే పోయి జామకాయల అవ్వకు చెప్పి వచ్చాను, పటేలు అడిగితే ఏం గాలే అనొద్దని. "మరి ఏమనాలె?" అంది. "ఏమన్న అను, గది తప్ప," అన్నాను. అదే గుంత. బండి పడి లేచింది. "తగిలిందా?" అన్నారు. నాలుక మీదికొచ్చిన మాటను మింగి, "ఏమో. తగిలిందో ఏమో," అన్నాను. ఆయన వీపు బిగుసుకోవడం నాకు తెలిసింది. అవ్వ గంప దగ్గర బండి ఆపి, "అవ్వా..." అన్నారు. అడగకముందే అవ్వ గంప మీంచి తల ఎత్తి, "ఆఁ, తగిలింది పటేలా! ఇద్దరు సచ్చిండ్రు. నువ్వైతే పో!" అంది.

నా పైప్రాణాలు పైనే పోయాయి. ఆయన ముఖం సున్నం కొట్టినట్టు తెల్లబోయింది. అవ్వ నా వైపు చూసి, నువ్వు చెప్పినట్టే చెప్పాను కదా అన్నట్టు తల ఊపింది. మా ఆయన అవ్వను చూశారు, నన్ను చూశారు. ఎక్కడో కడుపులోంచి ఒక నవ్వు బయలుదేరింది. ఆపుకోలేక హ్యాండిల్ మీద వాలిపోయి నవ్వారు. నవ్వుతూనే బండి ముందుకు పోనిచ్చారు. దారి పొడవునా "తిప్పాల్నా?" అంటూనే ఉన్నారు. "మీ ఇష్టం," అంటూనే ఉన్నాను. చొక్కా తడిసి వీపుకు అంటుకుపోయింది. ఎడ్లబండి కూడా మమ్మల్ని దాటిపోయింది. సగం దారి దాటాక అడగడం ఆగింది. మేడ్చల్‌లో మా అమ్మ అప్పుడే బియ్యం కడుగుతోంది. "గింత జల్దీ వచ్చిండ్రేంది? ఏమన్న కొట్లాడుకున్నరా?" అంది గాభరాగా.

దాంతో జబ్బు పోయిందని చెబితే అబద్ధం. తోట అమ్మిన ఏడు మళ్లీ వచ్చింది, మా మామ పోయినప్పుడు ఇంకోసారి వచ్చింది. ఈసారి తలుపులు, తాళాల మీద పడింది. మళ్లీ డాక్టరమ్మ దగ్గరికి పోయాం, మాత్రలు మార్చింది, మళ్లీ ఓర్చుకోవడం నేర్చుకున్నారు. వస్తే భయపడి దాచుకోవడం మాత్రం మానేశాం. చుట్టమొచ్చిందని ఇద్దరం చెప్పుకుంటాం, మర్యాద ఎక్కువ చెయ్యం. పోయిన ఏండ్ల సంగతి తీసి ఆయన అప్పుడప్పుడు బాధపడతారు, ముందే తెలిసుంటే ఎంత బాగుండెనని. నేనేమీ ఓదార్చను, ఆ అలవాటు ఎన్నడో మానుకున్నాను. ఈమధ్య ఒక సంగతి మాత్రం చెప్పాను: ఆ జబ్బు పేరు తెలియక బతికిన కాలం కంటే, పేరు తెలిసి బతికిన కాలమే మనకు ఎన్నో రెట్లు ఎక్కువ.