మూడో గది పెద్దాయన

నా చిన్నప్పుడు మాకు ఇల్లూ హోటలూ ఒకటే. సూరత్‌కి దగ్గర్లో, పల్సానా వైపు ఒక చిన్న రైల్వే స్టేషన్ ఎదురుగా, పెంకుటింట్లో మా తాత దాన్ని నడిపేవాడు. రైల్వే కొలువు అయిపోయాక మొదట చాయ్ కొట్టు పెట్టాడట. తెలంగాణ నుంచి మరమగ్గాల పనికి వచ్చేవాళ్లు రైలు దిగి, తెలుగు మాట చెవిన పడగానే అక్కడే కూలబడేవారు. వాళ్లకోసం మా నాయనమ్మ అన్నం వండడం మొదలుపెట్టింది. తర్వాత వెనకాల నాలుగు గదులు లేచాయి. పగటి డ్యూటీవాళ్లు లేచి వెళ్లిన మంచాల మీద రాత్రి డ్యూటీవాళ్లు వచ్చి పడుకునేవారు. మంచం చల్లారే పనే లేదు.

అప్పుడు నాకు ఎనిమిదేళ్లు. నోటికి మాత్రం పద్దెనిమిది. మూడో గదిలో ఉండే పెద్దాయన చాయ్ అడిగినా, చారు అడిగినా అరిచే అడిగేవాడు. నామీదే కోపమనుకున్నాను. ఒక ఆదివారం పంక్తిలో అందరూ తింటుండగా గట్టిగానే అనేశాను.

"ఎందుకట్ల ఒర్రుతవ్ తాతా? మేమేమన్న చెవిటోళ్లమా?"

పంక్తంతా గొల్లుమంది. ఆయన నవ్వలేదు. తల వంచుకుని లేచి చెయ్యి కడుక్కున్నాడు.

మర్నాటి నుంచి ఆయన పంక్తిలో నోరు విప్పలేదు. ఏం కావాలన్నా చేత్తో చూపించేవాడు. మూడోనాడు, ఇకనుంచి మగ్గాల షెడ్డులోనే పడుకుంటానని, సాయంత్రం వచ్చి పెట్టె తీసుకుపోతానని తాతకి చెప్పి పనికి వెళ్లిపోయాడు. ఆ ఊళ్లో ఆయనకి నా అనేవాళ్లు లేరు. మా పంక్తే ఆయన ఇల్లు. అది తెలిసి కూడా నేను బెట్టుగానే కూర్చున్నాను.

తాత నన్ను పల్లెత్తు మాట అనలేదు. మధ్యాహ్నం ఆయన అన్నం డబ్బా నా చేతికిచ్చి, షెడ్డు దాకా తీసుకెళ్లి, ఆయన తినేదాకా పక్కనే ఉండమని చెప్పి తను బయట నిలబడ్డాడు. లోపల అడుగుపెట్టగానే కాళ్లకింద నేల అదిరింది. వరసగా మగ్గాలు. ఆ మోతలో మనుషులు ఒకరి పెదవులు ఒకరు చూసుకుంటూ, చేతులు ఊపుకుంటూ పని గడుపుకుంటున్నారు. పెద్దాయన ఒక కన్ను మగ్గం మీదే ఉంచి నిలబడే తిన్నాడు. మధ్యలో నాకూ ఒక ముద్ద పెట్టాడు. దాంతో నా బెట్టు సగం దిగిపోయింది.

బయటికొచ్చి తాతకి అదంతా చెప్తుంటే దారినపోయేవాళ్లు ఆగి చూశారు. నేను అరుస్తున్నానని నాకే తెలియలేదు.

"నువ్వు గంటసేపే ఉన్నవ్ బిడ్డా," అన్నాడు తాత. "ఆయన గా మోతల ముప్పై ఏండ్ల సంది ఉంటుండు."

సిగ్గుతో చచ్చిపోయాను. సాయంత్రం ఆయన పెట్టె పట్టుకుని గదిలోంచి వస్తుంటే గడప దగ్గర మెల్లగా తప్పయిందన్నాను. ఆయనకి వినపడలేదు. తాత వైపు చూశాను. పదిమందిలో అన్న మాటకి గడప దగ్గర గొణిగితే చాలదని తాత అన్నాడు. అందరూ భోజనాలకి కూర్చుని ఉన్నారు. వెళ్లి పంక్తి మధ్యలో నిలబడి గొంతు చించుకుని అరిచాను.

"తప్పయింది తాతా, పోవద్దు."

ఈసారి ఎవరూ నవ్వలేదు. ఆయన పెట్టె కింద పెట్టి, పంక్తిలో కూర్చుని, చారు ఉందా అని గోడలు అదిరేలా అడిగాడు. నాకు ప్రాణం లేచొచ్చింది.

ఆ హోటల్ ఇప్పుడు లేదు. ఆ చోట చీరల గోడౌను ఉంది. దిగులేమీ లేదు, ఎంతోమంది కడుపు నింపి వెళ్లింది.

పోయిన నెల సూరత్‌లో మా ఇంట్లో, చుట్టాల ముందు కోడలి వంటని తేలిక చేసి మాట్లాడాను. తర్వాత వంటింట్లోకి వెళ్లి తప్పయిందని చెవిలో చెప్పి తప్పించుకోవచ్చు. కాళ్లు అటే లాగాయి. కానీ చుట్టాలందరూ ఇంకా కంచాల ముందుండగానే, తప్పు నాదని కోడలికి చెప్పాను. చిన్నగా చెప్పలేదు, గట్టిగానే చెప్పాను.