ఖోర్ ఫక్కాన్‌లో మా టైలరు కొట్టు

మొన్న కాకినాడలో జాకెట్టు కుట్టించుకోడానికి వెళ్తే, టైలరు తలెత్తకుండానే "ఆది తెచ్చారా అమ్మా?" అన్నాడు. నాకు నవ్వాగలేదు. ఒకప్పుడు ఆ ఆది గోల తప్పించబట్టే అక్కా నేనూ బతికి బట్టకట్టాం.

ఎనభైల మొదట్లో గల్ఫ్‌లోని ఖోర్ ఫక్కాన్ బజారులో నాన్నకి ఆడవాళ్ళ బట్టలు కుట్టే కొట్టుండేది. అమ్మ పోయాక మా ఇద్దర్నీ అక్కడికి తీసుకెళ్ళాడు. తను ముందు గదిలో మెడకి టేపు వేసుకుని దర్జాగా కూర్చునేవాడు. వెనక, తెరచాటున మిషన్లు తొక్కేది మేము. ఆడపిల్ల గొంతు ఆ తెర దాటకూడదని ఆయన శాసనం. కూరలో ఉప్పు దగ్గర్నుంచి అక్క జడ పొడవు దాకా ఆయన చెప్పినట్టే జరగాలి. వచ్చిన సంబంధాలన్నిటికీ ఏదో వంక పెట్టి తిప్పి పంపేవాడు. మేం వెళ్ళిపోతే మిషన్లు తొక్కేదెవరు మరి! అరబ్బు ఆడవాళ్ళు మగ టైలరుకి కొలతలివ్వరు కాబట్టి పాత గౌను ఒకటి ఆదిగా పంపేవారు. కుట్టినవి సరిపోక సగం తిరిగొచ్చేవి. తిట్లు మాత్రం మాకే.

ఒక వేసవిలో నాన్న గుండె ఆగి పోయాడు. ఏడ్చాం, కన్నతండ్రి కదా. ఆ తడి ఆరకముందే దుబాయ్ నుంచి బాబాయి దిగి, కొట్టు మూసేసి మమ్మల్ని ఊరికి, తన ఇంటికి పంపేస్తానన్నాడు. ఒక పెత్తనం పోయి ఇంకో పెత్తనం. కొట్టు లైసెన్సు ఎవరి పేరున ఉందో ఆ కఫీల్, అరబ్బు పెద్దాయన, వచ్చి ముందు గదిలో కూర్చున్నాడు.

"ఈ పిల్లలకేం తెలీదు అర్బాబ్, నోట్లో నాలుకే లేదు. ఖలాస్, పంపించేద్దాం" అన్నాడు బాబాయి, వచ్చీరాని హిందీలో.

అక్క తెర పక్కకి లాగి ముందుకొచ్చింది. ఏళ్ళ తరబడి దాని వెనక విని విని నేర్చుకున్న అరబ్బీలో, ఎక్కడా తడుముకోకుండా చెప్పింది: "ఇక్కడి బట్టలన్నీ కుట్టింది మేమే. మగాడున్నాడనే మీ ఆడవాళ్ళు లోపలికి రాలేదు. మేం కూర్చుంటే వాళ్ళే వచ్చి కొలతలిస్తారు. ముందు మీ ఇంట్లోవాళ్ళనే పంపండి."

పెద్దాయన బాబాయి వైపు తిరిగి, "నోట్లో నాలుక లేదన్నావు?" అని పకపకా నవ్వాడు. తర్వాత అక్కతో, "యల్లా, రేపు కొట్టు తెరవండి" అన్నాడు. సాయంత్రానికి బాబాయి ఒక్కడే దుబాయ్ టాక్సీ ఎక్కాడు.

మర్నాడు పొద్దున్నే పెద్దాయన భార్యా, ఇద్దరు కోడళ్ళూ వచ్చారు. అక్క టేపు పట్టి కొలుస్తుంటే నేను అంకెలు పైకి చదువుతూ రాసుకున్నాను. నా గొంతు అంత పెద్దదని నాకే తెలీదు. కొన్నాళ్ళకే కొట్టులో నిలబడ్డానికి చోటు లేకుండా పోయింది.

ఎవరైనా నా వయసడిగితే ఆధార్ కార్డులో ఉన్నదే చెప్తాను. నా మట్టుకు నేను మాత్రం ఆ ఉదయం నుంచే లెక్కేసుకుంటాను.