నీటాతో చెప్పిన మాటలు

మా జూలా పెద్దమ్మకి తన అల్లుడి మొహం ఎలా ఉంటుందో తెలియదు. బూట్లు తెలుసు. దగ్గు తెలుసు. నడిచేటప్పుడు ఎడమకాలు కాస్త ఈడుస్తాడని తెలుసు. మొహం మాత్రం, తన కూతురు వెర్లీన్ అక్క పెళ్ళినాటి నుంచీ ఒక్కసారి కూడా చూడలేదు. ఆయనా అంతే. మా తెగలో అత్తా అల్లుడూ ఒకరికొకరు హలోకా. కళ్ళెత్తి చూడటానిక్కూడా లేనంత అపురూపం. ఈ రోజుల్లో బోగ్ చిట్టో వాగు చుట్టుపక్కల ఈ పట్టింపు ఎవరికుంది? ముసలాళ్ళు కొందరు పాటిస్తారు, అదీ తూతూమంత్రంగా. మా పెద్దమ్మ తూతూమంత్రం మనిషి కాదు.

ఒకే ఇంట్లో ఉంటూ ఇదెలా కుదిరిందంటారా? ఇంటికి రెండు గుమ్మాలున్నాయి కాబట్టి కుదిరింది. డాల్ఫస్ బావ ముందు గుమ్మంలో దగ్గితే పెద్దమ్మ వెనక గుమ్మంలోంచి మొక్కజొన్న చేలోకి జారుకునేది. ఒకసారి మాత్రం వాగు మలుపులో ఇద్దరూ ఎదురెదురు పడిపోబోయారు. పెద్దమ్మ చేతిలో ఉన్న వెదురుబుట్ట నెత్తిమీద బోర్లించేసుకుంది. బావ గిరుక్కున వెనక్కి తిరిగాడు, తిరిగినవాడు ఆగొచ్చు కదా, ఆగకుండా నడిచి నేరుగా నీళ్ళలోకి దిగిపోయాడు. బూట్లతో సహా! ఒడ్డున వెర్లీన్ అక్కా నేనూ పొట్ట చెక్కలయ్యేలా నవ్వుతున్నాం. నడుంలోతు నీళ్ళలోంచి ఆయన అరుపు:

"ఆవిడ బుట్ట తీశారా లేదా, ఎవరో ఒకరు చెప్పి చావండి!"

మాట్లాడుకోవాలంటే కుక్క ఉంది. పేరు నీటా. మా భాషలో ఎలుగుబంటి అని. చూడబోతే పిల్లికి ఎక్కువ, కుక్కకి తక్కువ. వసారాలో పెద్దమ్మ చేనుకేసి తిరిగి బుట్ట అల్లుకుంటూ ఉంటుంది, వాకిట్లో బావ రోడ్డుకేసి తిరిగి గొడ్డలి నూరుకుంటూ ఉంటాడు. మధ్యలో నీటా.

"నీటా, అల్లుడుగారికి చెప్పు, తెచ్చిన కట్టెలన్నీ పచ్చివే అని. పొయ్యి మండట్లేదు, నా కళ్ళు మండుతున్నాయని."

"నీటా, అత్తగారికి చెప్పు, ఎండుకట్టెలన్నీ నిన్న ఆవిడే తగలేశారని."

"చూశావుటే నీటా, ఎంత మాటన్నాడో!"

నీటా చెవి గోక్కునేది.

బావ మా కర్రబంతి జట్టులో గోలుస్తంభానికి కాపలా. పెద్దమ్మ ఒక్క ఆటకీ రాకుండా ఉండేది కాదు. వచ్చి, మైదానానికి వీపు పెట్టి కూర్చునేది. ఆట చూడటం నా వంతు, తిట్టడం ఆవిడ వంతు.

"ఏమైందే?"

"బావ పడ్డాడు పెద్దమ్మా."

"పడితే లేవమను! చేతిలో రెండు కర్రలున్నది పళ్ళు కుట్టుకోడానికా? కొట్టమను!"

ఒక ఏడాది వేసవిలో నిజంగానే జబ్బ ఎముక విరిగి పడ్డాడు. తెల్లారి లేచి పెద్దమ్మ ఇనపకుండలో తాంచీ లబోనా వండింది. మొక్కజొన్నా పందిమాంసం మెత్తగా ఉడికేదాకా పొయ్యి దగ్గర్నుంచి కదల్లేదు. గిన్నెడు తీసి చెట్టుమొద్దు మీద పెట్టి, చేలోకి వెళ్ళి నిలబడింది. బావ వచ్చి తిన్నాడు.

"నీటా, ఉప్పు సరిపోయిందని చెప్పు."

"ఉప్పు సరిపోయిందట! అంత చాకిరీకి ఇదా మాట!" అంది చేలోంచి. మొహం మాత్రం వెలిగిపోతోంది, నేను చూశాను. ఆయన ఎముక అతుక్కునేదాకా రోజూ అదే వంట.

పోయిన చలికాలం వెర్లీన్ అక్క జ్వరంతో పోయింది. పిల్లల్లేరు. ఆ ఇంట్లో వాళ్ళిద్దరూ, నీటా, అంతే మిగిలారు. సంతాపం నడిచినన్నాళ్ళూ అల్లుడు అత్తింట్లోనే ఉన్నాడు. సంతాపం ముగించే ఆఖరి ఏడుపు అయిపోయి విందు జరిగితే అత్తా అల్లుళ్ళ బంధం తీరినట్టే, ఆయన దారి ఆయనది. కొనెహాటాలో ఉండే వాళ్ళక్క ఎస్టెల్ అప్పుడే ఆయన రెండో పెళ్ళికి ఒక మంచి మనిషిని చూసి పెట్టేసిందట, విందు రోజున ట్రక్కు తీసుకుని వస్తుందట.

"పోతే పోనీవే," అంది పెద్దమ్మ. "నేనేమన్నా కట్టేశానా?"

అంటూనే రెండు కప్పుల్లో కాఫీ పోసి, ఒకటి తీసుకెళ్ళి మొద్దు మీద పెట్టొచ్చింది.

"ఇకమీదట ఆయన మొహం చూడొచ్చుగా నువ్వు," అన్నాను, నవ్విద్దామని.

నవ్వలేదు సరికదా, బుట్ట పక్కకి విసిరికొట్టింది. "ఎవరిక్కావాలే ఆ మొహం? చూశానంటే వాడు నాకేమీ కాడనేగా! ఇన్నేళ్ళూ వీపు తిప్పుకునే పెంచుకున్నానే వాణ్ణి, కన్నకొడుకులా. పొమ్మనడానికి నోరు రావట్లేదు. ఉండమనడానికి నాకు హక్కు లేదు." అలా అని ముక్కు చీదుకుని నా మీద విరుచుకుపడింది. "పనీ పాటా లేదా నీకు? ఫో!"

ఆఖరి ఏడుపు రోజు వచ్చింది. ఆడవాళ్ళం తలగుడ్డలు మొహాల మీదికి లాక్కుని, ఒకరి మీద ఒకరం వాలి, గొంతులు పోయేదాకా ఏడ్చాం. తర్వాత మొహాలు కడుక్కుని జుట్టు దువ్వుకున్నాం. కుండలు దించారు. ఎస్టెల్ ట్రక్కు రోడ్డు మీద సిద్ధంగా ఉంది.

"రా తమ్ముడూ," అని కేకేసింది ఎస్టెల్. "తీరిపోయింది కదా. ఆవిడ మొహం చూసి, వెళ్ళొస్తానని చెప్పి బయల్దేరు."

పెద్దమ్మ కుండ దగ్గర గరిటె పట్టుకుని నిలబడి ఉంది. ఎడమకాలు ఈడ్చుకుంటూ బూట్ల చప్పుడు దగ్గరికొస్తోంది. తలగుడ్డ అంచు చేతిలోనే ఉంది, లాక్కోలేదు. అలవాటుగా చేయి లేస్తోంది, బంధం తీరిందని గుర్తొచ్చి మళ్ళీ దించుకుంటోంది. చూపు కుండలోకి దించి అలా నిలబడిపోయింది.

బావ టోపీ తీశాడు. ఆవిడకి రెండు మూరల దూరంలో ఆగాడు. ఆగి, నెమ్మదిగా వెనక్కి తిరిగి, ఆవిడ వైపు వీపు పెట్టి నిలబడ్డాడు.

"నీటా," అన్నాడు. బల్లకింద ఎముక కొరుకుతున్న నీటా తలెత్తింది. "అత్తగారికి చెప్పు, వంటింటి కప్పు కారుతోందని. వానలు పడేలోగా బాగుచేయాలి. రేపు చెక్క తెస్తానని చెప్పు."

పెద్దమ్మ తలగుడ్డ సర్రున మొహం మీదికి లాగేసుకుంది.

"నీటా," అంది. మళ్ళీ అంది. "నీటా, అల్లుడుగారికి చెప్పు, కూడు చల్లారిపోతోందని. రేపటి సంగతి రేపు. ముందు తిని చావమను."

"వీడికి మతిపోయింది!" అని ఎస్టెల్ ట్రక్కు తలుపు దడాలున వేసుకుంది.

ఆఖరి ఏడుపు అయిపోయాక ఇంకెవరూ ఏడవకూడదని మా పద్ధతి. పద్ధతుల దగ్గర అంత పట్టింపున్న మా పెద్దమ్మ, ఆ సాయంత్రం కుండ ఖాళీ అయ్యేదాకా వడ్డిస్తూనే ఉంది, తలగుడ్డ మాత్రం మొహం మీంచి తియ్యలేదు.